మర్ఫా సంగీతం

మర్ఫా హైదరాబాదు నగరంలో పుట్టి పెరిగిన ఒక తాళవాద్య సంగీతం. పెళ్ళి ఊరేగింపులలోను, పండుగలలోను, విజయోత్సవాలలోను దీనిని వాయిస్తారు. తూర్పు ఆఫ్రికా మూలాలు గల సిద్దీలు, యెమెన్ దేశపు హద్రమౌత్ ప్రాంతం నుండి వచ్చిన అరబ్బులు నిజాముల కాలంలో ఈ సంగీతాన్ని హైదరాబాదుకు తెచ్చారు. తెలుగునాట అందరికీ తెలిసిన "తీన్‌మార్" అనే మాట ఈ సంగీతంలోని మూడు దెబ్బల వరుసకు పేరు. అమెరికాలో ఆఫ్రికా సంతతివారు జాజ్ సంగీతాన్ని సృష్టించిన సంగతి ప్రపంచానికంతటికీ తెలుసు. అదే ఖండం నుండి మరొక సముద్రం మీదుగా వచ్చినవారు హైదరాబాదు వీధులలో నిలిపిన సంగీతం గురించి తెలిసినవారు నగరంలోనే తక్కువ.

పేరు

మర్ఫా అనేది ముందుగా వాద్యం పేరు. యెమెన్‌లో ఒక రకపు చర్మవాద్యాన్ని ఈ పేరుతోనే పిలుస్తారు. హైదరాబాదులో ఆ పేరు వాద్యానికి, దానితో కూడిన మేళానికి, ఆ మేళం వాయించే సంగీతానికి కలిపి వాడుకలోకి వచ్చింది. ఉర్దూలో తీన్ అంటే మూడు, మార్ అంటే దెబ్బ. మూడు దెబ్బల వరుస తీన్‌మార్, అయిదు దెబ్బల వరుస పాంచ్‌మార్. వీటిలో మొదటిదే ఎక్కువ ప్రసిద్ధి పొందింది.

ఆఫ్రికన్లు దక్కనుకు వచ్చిన విధం

ఆఫ్రికా తూర్పు తీరం నుండి అరేబియా మీదుగా భారతదేశానికి మనుషులను తరలించే వ్యాపారం అనేక శతాబ్దాల పాటు సాగింది. ఇలా వచ్చినవారిని హబ్షీలు అని, సిద్దీలు అని పిలిచేవారు. అబిసీనియాకు అరబ్బీ పేరైన "హబష్" నుండి హబ్షీ అనే మాట వచ్చింది. దక్కను సుల్తానులు వీరిని ముఖ్యంగా సైన్యం కోసం కొనేవారు. అట్లాంటిక్ సముద్రం దాటించబడిన ఆఫ్రికన్లు చెరకు, పత్తి తోటలలో కూలి చాకిరికి బలి కాగా, ఇక్కడికి వచ్చినవారిలో చాలామంది చేతికి కత్తి వచ్చింది. బానిసత్వం బానిసత్వమే అయినప్పటికీ ఈ తేడా వల్ల వారిలో కొందరికి పైకి ఎదిగే దారి దొరికింది.

దీనికి అందరికంటే పెద్ద ఉదాహరణ మాలిక్ అంబర్ (1548 - 1626). ఇథియోపియాలో పుట్టి, చిన్నతనంలోనే బానిసగా అమ్ముడుపోయి, పలువురు యజమానుల చేతులు మారి, చివరకు అహ్మద్‌నగర్ రాజ్యానికి చేరాడు. అక్కడ ప్రధానమంత్రి స్థాయికి ఎదిగి, రాజ్యాన్ని తానే నడిపి, మొఘలు సైన్యాలను ఏళ్ళ తరబడి నిలువరించాడు. నేటి ఔరంగాబాదు నగరానికి 1610లో ఖడ్కీ అనే పేరుతో పునాది వేసినది ఇతడే.

హైదరాబాదు ఊళ్ళ పేర్లలో ఈ చరిత్ర ఇంకా నిలిచి ఉంది. హబ్సిగూడ, సిద్దిఅంబర్ బజారు అనే పేర్లను రోజూ పలికేవారిలో ఎంతమంది వాటి అర్థం గురించి ఆలోచిస్తారో చెప్పడం కష్టం. ఒక విశేషమేమిటంటే, సిద్దీల జన్యువులను పరిశీలించి వారి ఆఫ్రికా మూలాలను నిర్ధారించిన పరిశోధనలో ముఖ్యపాత్ర వహించిన సీసీఎంబీ (కణ, అణు జీవశాస్త్ర కేంద్రం) ఆ హబ్సిగూడలోనే ఉంది. 2011లో ప్రచురితమైన ఆ పరిశోధన గుజరాత్, కర్ణాటక సిద్దీలకు సంబంధించినది. వారి పూర్వీకులలో ఎక్కువమంది ఆఫ్రికాలోని బంటూ భాషలు మాట్లాడే జాతుల వారని అందులో తేలింది.

వనపర్తి నుండి ఏ.సి. గార్డ్స్ వరకు

హైదరాబాదు సిద్దీల కథ నేటి తెలంగాణలోని వనపర్తి సంస్థానంతో ముడిపడి ఉంది. 19వ శతాబ్దంలో వనపర్తి రాజులు ఆఫ్రికన్లతో ఒక ప్రత్యేక దళాన్ని పోషించారు. ఆ దళం తరువాత నిజాము ప్రభుత్వం క్రిందికి వచ్చి ఆఫ్రికన్ అశ్విక దళంగా, అంటే ఆఫ్రికన్ కావల్రీ గార్డ్స్‌గా, పేరు పొందింది. నిజాము అంగరక్షణ, ఊరేగింపులలో ముందు నడవడం వీరి విధులు. మాసబ్ ట్యాంకు సమీపంలో ఈ దళానికి కేటాయించిన నివాసప్రాంతమే నేటి ఏ.సి. గార్డ్స్. ఆ పేరులోని పొడి అక్షరాలను చూసి ఏదో ప్రభుత్వ కార్యాలయం పేరనుకునేవారు కూడా ఉన్నారు.

దళంలోని సైనికులు తమ సంబరాలలో తమ డప్పులను తామే వాయించుకునేవారు. పెళ్ళిళ్ళకు, పండుగలకు ఈ మేళాన్ని పిలిపించుకోవడం క్రమంగా నగరంలోని ముస్లిం కుటుంబాలలో ఆచారమైంది. ఆరవ నిజాము మహబూబ్ అలీ ఖాన్ (పాలన 1869 - 1911), ఏడవ నిజాము ఉస్మాన్ అలీ ఖాన్ (పాలన 1911 - 1948) కాలాలలో ఈ సంగీతానికి మంచి ఆదరణ ఉండేది.

బార్కాస్, హద్రమీ అరబ్బులు

మర్ఫాకు రెండవ మూలం హద్రమౌత్. నేటి యెమెన్‌లో దక్షిణ తీరాన ఉన్న ఈ ప్రాంతం నుండి వందలాది మంది యువకులు నిజాము సైన్యంలో చేరడానికి వచ్చేవారు. వీరిని చావుష్‌లు అంటారు. చాంద్రాయణగుట్ట దగ్గర వీరి సైనిక నివాసాలు ఉండేవి. ఇంగ్లీషు మాట "బ్యారక్స్" జనం నోట నలిగి ఆ ప్రాంతానికి బార్కాస్ అనే పేరు స్థిరపడింది. బార్కాస్ జామపండ్లకు నగరంలో పేరు ఉంది. హైదరాబాదు హలీం కూడా అరబ్బుల "హరీస్" అనే వంటకం నుండి వచ్చినదే.

ఈ రాకపోకలు ఒకవైపు మాత్రమే సాగలేదు. హైదరాబాదులో జమాదారుగా పనిచేసి ధనం కూడబెట్టిన ఉమర్ బిన్ అవద్ అల్ ఖుఐతీ వంశీకులు ఆ ధనంతోనే హద్రమౌత్‌లో ఒక సుల్తానేట్‌ను స్థాపించారు. ముకల్లా రేవు రాజధానిగా అది 1967 వరకు కొనసాగింది. అరబ్బు దేశంలో ఒక రాజ్యం దక్కను జీతాలతో నిలబడిందంటే వింతగా ఉంటుంది గాని అది నిజం.

సిద్దీల లయ, హద్రమీల వాద్యాలు, ఉర్దూ పాటలు ఒకే నగరంలో ఒకదానితో ఒకటి కలిసినందువల్ల మర్ఫాను పూర్తిగా ఆఫ్రికాదని గాని పూర్తిగా అరబ్బులదని గాని వేరు చేసి చెప్పడం సరి కాదు. యెమెన్ తీరప్రాంత సంగీతంలోనే ఆఫ్రికా అంశం బలంగా ఉండటం ఈ కలయికను మరింత సులభం చేసింది.

వాద్యాలు, వాయించే పద్ధతి

మేళంలో మర్ఫా, డఫ్, ఢోల్ ప్రధానమైన చర్మవాద్యాలు. డఫ్ అంటే గుండ్రని చట్రానికి ఒకవైపు చర్మం బిగించిన వాద్యం. ఢోల్ రెండు ముఖాల పెద్ద డోలు. వీటితో పాటు బోర్లించిన స్టీలు బిందె ఒకటి ఉంటుంది. థాపీ అనే పలుచని చెక్క బద్దలతో కొట్టినప్పుడు పుట్టే పదునైన శబ్దం మిగిలిన మోతలో కలిసిపోకుండా పైకి వినిపిస్తుంది. నీళ్ళ బిందె మేళంలోకి రావడం ఈ సంగీతపు స్వభావాన్ని బాగా తెలియజేస్తుంది: చేతికి అందినది, మోగగలిగినది ఏదైనా ఇందులో వాద్యమే.

ఇందులో శ్రుతి కంటే లయకే ప్రాధాన్యం. పెద్ద డోలు అడుగున నిలకడగా నడుస్తుండగా చిన్న వాద్యాలు దాని మీద వేరువేరు వరుసలను పేరుస్తాయి. మొదట నెమ్మదిగా ఉన్న నడక క్రమంగా పెరిగి, నృత్యం చేసేవారు అలసిపోయేదాకా సాగుతుంది. నృత్యం సంప్రదాయకంగా పురుషులది. కత్తులు, కర్రలు త్రిప్పడం ఇందులో భాగం. ఇది సైనికుల విడుదుల నుండి వచ్చిన కళ అనడానికి ఈ కత్తులే గుర్తు. వ్రాతలో స్వరలిపి లేదు, పాఠశాల లేదు. పిల్లలు పెద్దవారి ప్రక్కన నిలబడి చూసి నేర్చుకుంటారు.

డ్రమ్ముపై నిషేధం, డ్రమ్ముకు గౌరవం: జాజ్‌తో పోలిక

అమెరికాలో 1739లో దక్షిణ కరోలినాలో జరిగిన స్టోనో తిరుగుబాటులో బానిసలు డ్రమ్ములు మ్రోగిస్తూ నడిచారు. మరుసటి ఏడాది అక్కడి ప్రభుత్వం చేసిన చట్టం బానిసలు డ్రమ్ములు వాడడాన్ని నిషేధించింది. డ్రమ్ము పోయిన చోట చేతి చప్పట్లు, కాళ్ళ దరువులు, పని పాటలు దాని స్థానాన్ని తీసుకున్నాయి. ఫ్రెంచి, స్పానిషు పాలనలలో నడిచిన న్యూ ఓర్లీన్స్ నగరం మాత్రం కొంత భిన్నం. అక్కడ ఆదివారాలు బానిసలు గుమిగూడి ఆడిపాడడానికి వీలుండేది. 1817లో నగరపాలక సంస్థ ఆ గుమికూడడాన్ని ఒకే చోటికి పరిమితం చేసింది. ఆ మైదానమే కాంగో స్క్వేర్. 1865లో బానిసత్వం రద్దయిన తరువాత అదే నగరంలో నల్లజాతివారు సైనిక బ్యాండుల తరహాలో కొమ్ము వాద్యాలు చేపట్టి, శవయాత్రలలోను ఊరేగింపులలోను వాయిస్తూ, 20వ శతాబ్దపు తొలి సంవత్సరాలకు జాజ్‌ను రూపొందించారు. బడ్డీ బోల్డెన్ (1877 - 1931) ఆ తొలితరంలో పేరుపొందినవాడు. అతడి వాయిద్యం రికార్డుగా ఏదీ మిగలలేదు.

హైదరాబాదులో డ్రమ్మును ఎవరూ నిషేధించలేదు. రాజు ఎదుటనే మ్రోగింది. అందువల్ల ఇక్కడి సంగీతం మూల రూపానికి దగ్గరగా ఉండిపోయిందని, అక్కడి సంగీతం నిషేధం వల్ల కొత్త దారులు వెతుక్కుని బాగా మారిపోయిందని ఒక విధంగా అనుకోవచ్చు. అయితే రెండింటి పోలికలు కూడా తక్కువేమీ కావు. రెండూ సైనిక వాతావరణం, వీధి ఊరేగింపు, పెళ్ళి-చావు సందర్భాలతో పెరిగాయి. రెండింటిలోను ఒకే సమయంలో వేరువేరు లయలు నడుస్తాయి. మరొక పోలిక అంత సంతోషకరమైనది కాదు. 1917లో విడుదలైన తొలి జాజ్ రికార్డును వాయించినది నల్లజాతి బృందం కాదు, ఒరిజినల్ డిక్సీలాండ్ జాస్ బ్యాండ్ అనే తెల్లవారి బృందం. తీన్‌మార్ విషయంలోను పేరు ఊరంతా తిరిగింది, దానిని తెచ్చినవారు ఏ.సి. గార్డ్స్ సందులలో ఉండిపోయారు.

1948 తరువాత

1948 సెప్టెంబరులో జరిగిన పోలీసు చర్యతో హైదరాబాదు రాజ్యం భారతదేశంలో విలీనమైంది. నిజాము సైన్యంతో పాటు ఆఫ్రికన్ దళం కూడా రద్దయింది. విదేశీయులుగా లెక్కించబడిన అరబ్బులలో పలువురిని నిర్బంధించి వెనుకకు పంపివేశారు. ఇక్కడే పుట్టి ఇక్కడే పెళ్ళిళ్ళు చేసుకున్నవారు మిగిలారు. తరతరాలుగా సైనిక వృత్తి తప్ప మరొకటి ఎరుగని సిద్దీ కుటుంబాలకు ఒక్కసారిగా జీతం ఆగిపోయింది. భూమి లేదు, వ్యాపారానికి పెట్టుబడి లేదు. చిన్న ఉద్యోగాలలోను, చేతిపనులలోను కుదురుకున్నారు. అప్పటివరకు తమ సంబరం కోసం వాయించుకున్న మర్ఫా అప్పటి నుండి కొందరికి బ్రతుకుతెరువు కూడా అయింది.

భాష, దుస్తులు, వంటలలో వీరు మిగతా హైదరాబాదీ ముస్లిముల నుండి వేరుగా కనిపించరు. మాట్లాడేది దక్కనీ ఉర్దూ. తమ పూర్వీకుల జ్ఞాపకాన్ని వీరు ఎక్కువగా దాచుకున్నది డోలులోనే. హైదరాబాదు సిద్దీల అస్తిత్వం గురించి అబాబు మిందా యిమెనె రాసిన పుస్తకం 2004లో వెలువడింది.

భారతదేశంలోని ఇతర సిద్దీలకు కూడా ప్రత్యేక సంగీతం ఉంది. గుజరాత్ సిద్దీల ధమాల్ నృత్యం, ఉత్తర కన్నడ జిల్లా సిద్దీల డమామి చెప్పుకోదగినవి. గుజరాత్ వారి సంగీతం బావా గోర్ దర్గా భక్తితో ముడిపడినది కాగా, మర్ఫా ప్రధానంగా వేడుకల సంగీతం.

తీన్‌మార్ వ్యాప్తి

తీన్‌మార్ ఇప్పుడు ఏ ఒక్క మతానికీ పరిమితం కాదు. బోనాలు, గణేశ నిమజ్జనం, ఎన్నికల విజయయాత్ర, క్రికెట్ గెలుపు, దేనికైనా "తీన్‌మార్ కొట్టు" అనడం తెలంగాణలో మామూలు మాట. డప్పు మీద చిర్ర, చిటికెన పుల్లలతో వాయించే దరువులలో కూడా తీన్‌మార్ ఒకటిగా స్థిరపడింది. డప్పును తరతరాలుగా మోసినవారు మాదిగలు. అంటే సమాజంలో అంచున నిలబెట్టబడిన రెండు వర్గాల వాద్యాలు ఒకే పేరుతో ఒకే ఊరేగింపులో కలిశాయి. పవన్ కళ్యాణ్ నటించిన 2011 నాటి సినిమాకు, ఒక తెలుగు వార్తా ఛానల్ కార్యక్రమానికి, ఆ కార్యక్రమం ద్వారా పేరొందిన ఒక రాజకీయ నాయకుడికి కూడా ఈ మాట పేరయింది.

మాదాపూర్‌లో సైబర్ టవర్స్ 1998 నవంబరు 22న ప్రారంభమైన తరువాత హైటెక్ సిటీ, గచ్చిబౌలి ప్రాంతాలకు దేశం నలుమూలల నుండి ఉద్యోగులు వచ్చి చేరారు. ఏ.సి. గార్డ్స్ నుండి అక్కడికి పది పన్నెండు కిలోమీటర్లకు మించదు. అక్కడి అపార్ట్‌మెంటు సముదాయాల వినాయక నిమజ్జనాలలో, దుర్గం చెరువుకు సాగే ఊరేగింపులలో, ఉద్యోగుల పెళ్ళి బరాత్‌లలో తీన్‌మార్ లేకుండా జరగదు. ఒడిశా నుండి వచ్చిన ఇంజనీరు, కాన్పూరు నుండి వచ్చిన ఇంజనీరు కూడా ఈ అడుగును హైదరాబాదుకు వచ్చిన కొద్ది నెలలలోనే నేర్చుకుంటారు. దాని వెనుక వనపర్తి, ముకల్లా ఉన్నాయని వారికి చెప్పేవారు లేరు.

ఇటీవలి దశాబ్దాలలో డీజే సౌండు పెట్టెలు మేళాలకు గట్టి పోటీ అయ్యాయి. ఒక ట్రక్కు మీద నాలుగు పెట్టెలు ఎక్కిస్తే పదిమంది వాద్యకారుల అవసరం తీరిపోతుంది. తీన్‌మార్ లయ అందులో రికార్డుగా మ్రోగుతుంది, వాయించేవారికి మాత్రం కూలి ఉండదు. 2024 అక్టోబరులో హైదరాబాదు పోలీసులు మతపరమైన ఊరేగింపులలో డీజేలను నిషేధించారు. చేతితో వాయించే డోలుకు విద్యుత్తు అక్కరలేదు. చర్మపు డఫ్‌లకు మాత్రం వానాకాలంలో సడలిన చర్మాన్ని నిప్పుసెగకు చూపి బిగించే పని ఉంటుంది. ప్లాస్టిక్ పొర బిగించిన వాద్యాలకు ఆ అవసరం లేదు గాని వాటి నాదం వేరు.