మారిషసు చక్కెర పరిశ్రమ: కూలి, రైతు, మిల్లు

హిందూ మహాసముద్రమున మడగాస్కరునకు తూర్పుగా సుమారు 800 కిలోమీటర్ల దూరమున మారిషసు ద్వీపము కలదు. దాని వైశాల్యము 1,900 చదరపు కిలోమీటర్లకు మించదు. ఇంత చిన్న భూభాగము సుమారు నూటయేబది సంవత్సరములు చక్కెర యను నొక్క వస్తువునే ఆశ్రయించి బ్రతికినది. ఈ పరిశ్రమ చరిత్ర సాధారణముగా రెండు విధములుగా చెప్పబడుచుండును. ఒక కథనమున తోటల యజమానుల సాహసము, యంత్రవిజ్ఞానము ప్రధానములు. రెండవదానియందు భారతీయ కూలీల కష్టము, తుదకు వారు భూమికి యజమానులగుట ప్రధానము. ఈ రెండవ కథనము మనకు సహజముగనే ప్రీతిపాత్రము. కాని కూలి రైతైన మాత్రమున అతని పరాధీనత తీరినదా యను ప్రశ్న అందు అంతగా కానరాదు. ఆ ప్రశ్ననే యిచట విచారింపదలచితిని.

తొలిదశను గూర్చి విస్తరింప నక్కఱలేదు. 1639లో డచ్చివారు జావానుండి చెఱకును తెచ్చి నాటిరి. దాని రసము ప్రధానముగా సారాయి కాచుటకే వినియోగపడెను. 1710లో వారు ద్వీపమును విడిచిపోయిరి. పిమ్మట ఫ్రెంచివారి కాలమున, 1735లో గవర్నరుగా వచ్చిన లాబూర్డొనె చక్కెర తయారీకి పునాది వేసెను. 1746లో మద్రాసును పట్టుకొన్నవాడుగా మన చరిత్ర గ్రంథములయందు కనిపించు లాబూర్డొనె యీతడే. 1810లో ద్వీపము ఆంగ్లేయుల వశమయ్యెను. అయినను పరిశ్రమ విజృంభణకు 1825 నిజమైన ఆరంభము. ఆ యేట మారిషసు చక్కెరపై ఇంగ్లండున విధించు సుంకము వెస్టిండీసు చక్కెర సుంకముతో సమానము చేయబడెను. అప్పటికి సుమారు 10 వేల టన్నులున్న ఉత్పత్తి 1850వ దశకము ముగియులోపల లక్ష టన్నులను దాటెను.

ఈ వృద్ధికాలముననే బానిసత్వము రద్దయ్యెను. 1835 ఫిబ్రవరి 1వ తేదీన అది మారిషసున అమలులోనికి వచ్చినది. యజమానులకు 20 లక్షల పౌనులకు పైగా నష్టపరిహారము ముట్టినది. విముక్తులకు దమ్మిడీయైనను ముట్టలేదు. అంతకు మూడు నెలలు ముందే, 1834 నవంబరు 2వ తేదీన, అట్లాసు అను ఓడ కలకత్తానుండి 36 మంది కూలీలను పోర్టు లూయీ రేవున దింపెను. 1910 నాటికి అట్లు వచ్చినవారి సంఖ్య సుమారు నాలుగున్నర లక్షలు. తొలి ఒడంబడికల ప్రకారము గడువు ఐదేండ్లు, మగవానికి నెలకు ఐదు రూపాయల జీతము, దానితో బియ్యము, పప్పు, ఉప్పు.

వీరిలో మద్రాసు రాజధాని తీరమునుండి పోయిన తెలుగువారును కలరు. వారికి అచ్చట కోరింగీలను పేరు వచ్చినది. కాకినాడకు దక్షిణమున, గోదావరి ముఖద్వారమున నుండిన కోరంగి రేవే యీ పేరునకు మూలము. 1839 నవంబరులో వచ్చిన తుపాను, ఉప్పెన ఆ రేవును నాశనము చేసినవి. పిమ్మట పోయినవారు అన్య రేవుల ఓడలెక్కినను వారికి కోరంగి పేరే నిలిచినది. రేవు నశించి దాని పేరు పరదేశమున జనుల పేరుగా మిగులుట మన భాషాపరిశోధకులు విచారింపదగిన విషయము. అప్పన్న వంటి వ్యక్తినామములు అచ్చట ఇంటిపేర్లైన తీరును అట్టిదే.

ఒడంబడిక కూలీని బంధించినది ప్రధానముగా జీతపు లెక్కలోనే. అనుమతి లేక ఒకదినము పని మానినవానికి రెండుదినముల జీతము కోసివేయుట ఆచారము. దానినే ‘డబుల్ కట్’ అనిరి. ఒడంబడిక తీరినవానికిని స్వేచ్ఛ లేదు. 1867 నాటి శాసనము ప్రకారము అతడు తన ఛాయాచిత్రము గల అనుమతి పత్రమును వెంట నుంచుకొనవలెను. లేనిచో నిర్బంధమే గతి. అడాల్ఫ్ ద ప్లెవిట్జ్ అను తోటదారుడు ఈ అన్యాయమును చూచి సహింపక, 1871లో 9,401 మంది పక్షమున గవర్నరునకు విన్నపమును సిద్ధపఱచెను. 1872లో ఫ్రియర్, విలియంసన్‌లతో రాజకీయ విచారణ సంఘము వచ్చెను. దాని నివేదిక 1875లో వెలువడెను.

ఇంతలో చక్కెర మార్కెట్టు మాఱినది. ఐరోపాలోని బీట్ చక్కెర పోటీవలన ధరలు పడిపోయెను. 1880 ప్రాంతమునుండి పెద్ద తోటలవారు తమ భూములలో నాసిరకపు భాగములను ముక్కలుచేసి అమ్మసాగిరి. ఫ్రెంచి మాటతో దీనిని ‘మోర్సెల్‌మా’ అందురు, అనగా ముక్కలుచేయుట. కూడబెట్టిన సొమ్ముతో సర్దారులును, పాత కూలీలును వాయిదాలపై ఈ ముక్కలను కొనిరి. దీనిని విజయముగా వర్ణించుట పరిపాటి. అందు సత్యము లేకపోలేదు. కాని అమ్మినవారు మంచి నేలను, మిల్లును తమయొద్దనే యుంచుకొనిరి గదా!

మిల్లు చేతనుండుట యెంతటిదో మన అనకాపల్లి ప్రాంతపు రైతును చూచిన తెలియును. చెఱకు నఱికిన పిమ్మట ఒకటి రెండు దినములలో ఆడింపనిచో అందలి తీపి తగ్గిపోవును. మనరైతు గానుగ ఆడించి, పెనములో రసమును కాచి, బెల్లము చేసికొనగలడు. మిల్లువాడు ధర తగ్గించినచో ఇంటికి తిరిగి రాగలడు. మారిషసు చిన్నరైతునకు ఆ దారి లేదు. అచ్చటి పంట యంతయు ఎగుమతి చక్కెరకే. పందొమ్మిదవ శతాబ్ది మధ్యమున 250కి పైగా ఉండిన మిల్లులు, ఆవిరియంత్రములు పెద్దవైన కొలది, తగ్గిపోవుచుండెను. బండిపై చెఱకు నెక్కించినవాడు సమీపమున నున్న యొక్క మిల్లు తూనికకే తల యొగ్గవలసి వచ్చెను. నా యభిప్రాయమున పరాధీనత తొలగలేదు. జీతపు పుస్తకమునుండి కాటావద్దకు మాఱినది.

1937లో జరిగినది దీనికి నిదర్శనము. ఊబా అను చెఱకు మొండిది. నాసి నేలలోను పెరుగును, గాలివానకు తట్టుకొనును. కావుననే చిన్నరైతులు దానిని నాటిరి. పీచు ఎక్కువ, చక్కెర తక్కువ యని మిల్లులవారు దాని ధరను 15 శాతము తగ్గించిరి. వారి వాదమున శాస్త్రవిషయము లేదనరాదు. కాని నాసి నేలను అమ్మి, ఆ నేలకు తగిన చెఱకును నాటినందుకు ధర కోయుట రైతునకు ఎట్లు తోచియుండును? ఆగస్టు నెలలో రైతులును కూలీలును కలిసి లేచిరి. 13వ తేదీన యూనియన్ ఫ్లాక్ మిల్లువద్ద కాల్పులలో నలుగురు మరణించిరి. ఆ మిల్లు యజమానులు భారతీయ వంశజులే యను విషయమును మఱువరాదు. ఇది కేవలము తెల్లవారికి, నల్లవారికి నడుమ జరిగిన కలహము కాదు. హూపర్ విచారణ సంఘము ఏర్పడుటయు, 1938లో కార్మికసంఘముల శాసనము వచ్చుటయు దీని ఫలములే. అయినను 1943 సెప్టెంబరు 27వ తేదీన బెల్‌వ్యూ హరేల్ తోటలో సమ్మె చేసినవారిపై పోలీసులు మరల కాల్చిరి. చనిపోయిన నలుగురిలో అంజలై కూపెన్ గర్భవతి.

కాటావద్ద న్యాయము క్రమముగా శాసనరూపము దాల్చెను. తరువాతి కాలమున చక్కెరలో 78 పాళ్లు పండించినవానికి, 22 పాళ్లు మిల్లునకు అను నిష్పత్తి స్థిరపడెను. 1968 మార్చి 12న స్వతంత్రమైన దేశమునకు 1975 నాటి లోమే ఒప్పందము ఐరోపాలో ఐదు లక్షల టన్నుల వఱకు హామీధరను కల్పించెను. 2006 మొదలు ఆ ధరలో 36 శాతము కోత పడెను. 2009లో చక్కెర ఒప్పందమే ముగిసెను. చిన్నరైతులు వేలసంఖ్యలో చెఱకును విడిచిరి; తాతలు వాయిదాలపై కొనిన ముక్కలలో అనేకము బీడువడినవి. ద్వీపమున మూడు మిల్లులు మిగిలినవి. అవి చెఱకుపిప్పిని కాల్చి విద్యుత్తును తీసి అమ్ముచున్నవి; ఆ పిప్పి వెలలో రైతునకు రావలసిన పాలెంత యనునదే ఇప్పటి వివాదములలో నొకటి.