ఐదు సెంటీమీటర్ల రూల్: బిల్ఖీస్ అబ్దుల్ ఖాదిర్ విదేశీ లీగులకు ఎందుకు వెళ్లలేకపోయింది?

అమెరికాలో కాలేజీ బాస్కెట్‌బాల్ ఆడే అమ్మాయిలు వేలల్లో ఉంటారు. కానీ ఆటనే ఉద్యోగంగా చేసుకోవడానికి సొంత దేశంలో ఉన్న దారి చాలా ఇరుకు. 2014లో అక్కడి మహిళల ప్రొఫెషనల్ లీగ్ డబ్ల్యూఎన్‌బీఏలో ఉన్నవి 12 జట్లే. డ్రాఫ్ట్‌లో ఎంపికయ్యేది 36 మంది. వాళ్లలోనూ అందరికీ జట్టులో చోటు దొరకదు. అందుకే చాలామంది డిగ్రీ చేతికి రాగానే ఏజెంట్ ద్వారా స్పెయిన్, టర్కీ, ఇటలీ, ఫ్రాన్స్ లాంటి దేశాల క్లబ్బుల్లో చేరతారు.

బిల్ఖీస్ అబ్దుల్ ఖాదిర్ కూడా ఇదే దారి పట్టాలనుకుంది. ఆటలో ఆమెకు లోటు లేదు, చదువులోనూ లేదు. అడ్డుపడింది తలకు కట్టుకునే గుడ్డ.

హైస్కూల్ నుంచి కాలేజీ దాకా

బిల్ఖీస్ 1990లో మసాచుసెట్స్ రాష్ట్రంలోని స్ప్రింగ్‌ఫీల్డ్‌లో పుట్టింది. బాస్కెట్‌బాల్ ఆట పుట్టింది కూడా ఆ ఊళ్లోనే. హైస్కూల్ ముగించేసరికి ఆమె ఖాతాలో 3,070 పాయింట్లున్నాయి. అబ్బాయిలు, అమ్మాయిలు ఇద్దరినీ కలిపి చూసినా ఆ రాష్ట్రంలో అదే రికార్డు. అంతకుముందు అమ్మాయిల రికార్డు రెబెకా లోబో పేరు మీద ఉండేది. 2009లో వైట్‌హౌస్ ఇఫ్తార్ విందుకు బిల్ఖీస్‌ను పిలిచి, అప్పటి అధ్యక్షుడు ఒబామా ఆమె రికార్డు గురించి అందరి ముందూ చెప్పారు.

తర్వాత స్కాలర్‌షిప్‌తో మెంఫిస్ యూనివర్సిటీలో చేరింది. మోకాలి గాయం వల్ల మొదటి సీజన్ ఆడలేదు. కోలుకుని వచ్చాక పొడుగు చేతుల చొక్కా, లెగ్గింగ్స్, హిజాబ్‌తోనే కోర్టులో దిగింది. అమెరికా కాలేజీ క్రీడల్లో పైస్థాయి అయిన డివిజన్ 1లో హిజాబ్‌తో ఆడిన తొలి బాస్కెట్‌బాల్ క్రీడాకారిణిగా ఆమెను చెప్తారు. మెంఫిస్‌లో డిగ్రీ అయ్యాక 2013-14 సీజన్ ఇండియానా స్టేట్ యూనివర్సిటీ తరఫున ఆడింది. ఇక మిగిలింది విదేశీ క్లబ్‌తో ఒప్పందమే.

రూల్ ఏం చెప్పింది?

కాలేజీ ఆట అమెరికా సొంత నిబంధనలతో నడుస్తుంది. విదేశీ లీగులు నడిచేది అంతర్జాతీయ బాస్కెట్‌బాల్ సమాఖ్య ఫీబా నిబంధనల మీద. ఆ రోజుల్లో ఫీబా రూల్ ప్రకారం తల మీద హెడ్‌బ్యాండ్ తప్ప ఇంకేమీ ఉండకూడదు. ఆ బ్యాండ్ కూడా ఐదు సెంటీమీటర్ల వెడల్పు దాటకూడదు. ఇది మతానికి సంబంధించింది కాదు, ఆటగాళ్ల భద్రత కోసమేనని ఫీబా చెప్పుకొచ్చింది. కారణం ఏదైనా ఫలితం ఒకటే. కాలేజీలో నాలుగు సీజన్లు హిజాబ్‌తో ఆడిన అమ్మాయి, విదేశీ క్లబ్‌లో ఒక్క మ్యాచ్ కూడా ఆడలేదు.

ఇది ఒక్క ముస్లిం అమ్మాయిల సమస్య కాదు. 2014 జులైలో చైనాలోని వుహాన్‌లో జరిగిన ఆసియా కప్‌లో భారత ఆటగాళ్లు అమృత్‌పాల్ సింగ్, అమ్‌జ్యోత్ సింగ్ తలపాగాలు తీసి ఆడాల్సి వచ్చింది. అదే ఏడాది సెప్టెంబర్‌లో ఇంచియాన్ ఆసియా క్రీడల్లో హిజాబ్ తీయమన్నందుకు ఖతార్ మహిళల జట్టు మంగోలియాతో మ్యాచ్ వదులుకుని, టోర్నీ నుంచే తప్పుకుంది.

ఎలా మారింది?

బిల్ఖీస్ ఊరుకోలేదు. ట్యులేన్ యూనివర్సిటీలో ఆడిన ఇందిరా కాల్జో లాంటివాళ్లు కూడా గొంతు కలిపారు. సంతకాలు సేకరించారు, ఫీబాకు విజ్ఞప్తులు పెట్టారు. 2014 సెప్టెంబర్‌లో ఫీబా ప్రయోగాత్మకంగా కొంత సడలింపు ఇచ్చింది. చివరికి 2017 మేలో హాంకాంగ్ సమావేశంలో రూల్ మార్చింది. కొత్త రూల్ 2017 అక్టోబర్ 1 నుంచి అమల్లోకి వచ్చింది.

దాని ప్రకారం తలపై ధరించేది నలుపు, తెలుపు లేదా యూనిఫాం రంగులో ఉండాలి. జట్టులో ధరించేవాళ్లందరిదీ ఒకే రంగు కావాలి. ముఖాన్ని కప్పకూడదు. ముఖం, మెడ చుట్టూ పిన్నుల్లాంటి బిగింపులు ఉండకూడదు.

గెలిచింది ఎవరు?

రూల్ మారేనాటికి బిల్ఖీస్ కాలేజీ ఆట ముగిసి మూడేళ్లయింది. క్రీడాకారిణికి ఆ మూడేళ్లే అసలు వయసు. ఆమె ప్రొఫెషనల్ ఆటకు తిరిగి రాలేదు. కెనడాలో స్థిరపడి టీచింగ్, కోచింగ్ వైపు వెళ్లింది. ఆమె కథపై 2018లో 'లైఫ్ వితౌట్ బాస్కెట్‌బాల్' అనే డాక్యుమెంటరీ వచ్చింది.

ఫలం దక్కింది తర్వాత వచ్చినవాళ్లకు. కనెక్టికట్ యూనివర్సిటీలో ఆడిన బటూలీ కమారా స్పెయిన్‌లో హిజాబ్‌తోనే ప్రొఫెషనల్‌గా ఆడింది.

అలాగని తలుపులన్నీ తెరుచుకున్నాయని కాదు. ఫీబా ఒప్పుకున్నా, దేశీయ పోటీలకు ఆ దేశ సమాఖ్య సొంత రూల్ పెట్టుకోవచ్చు. ఫ్రాన్స్ బాస్కెట్‌బాల్ సమాఖ్య 2022 డిసెంబర్‌లో తన పోటీల్లో హిజాబ్‌ను నిషేధించింది. ఫ్రాన్స్ యూత్ జట్టుకు ఆడిన దియాబా కొనాటే అమెరికాలో ఐడహో స్టేట్, తర్వాత కాలిఫోర్నియా యూనివర్సిటీ ఇర్వైన్ క్యాంపస్ తరఫున హిజాబ్‌తో ఆడింది. సొంత దేశంలో మాత్రం అలా ఆడే వీలు లేకపోయింది. అంటే బిల్ఖీస్‌కు పరదేశం తలుపు మూసుకుంటే, దియాబాకు పుట్టిన దేశమే తలుపు మూసింది.

కాబట్టి హిజాబ్‌తో ఆడే అమ్మాయి విదేశీ క్లబ్‌తో సంతకం చేసేముందు జీతం, వసతి, బీమా చూసుకుంటే సరిపోదు. ఫీబా రూల్‌తో పాటు ఆ దేశ సమాఖ్య రూల్, ఆ లీగ్ రూల్ కూడా ఏజెంట్‌తో రాతపూర్వకంగా తేల్చుకోవాలి. రూల్ మారేదాకా ఆగడమంటే ఎంత నష్టమో బిల్ఖీస్ కెరీరే చెప్తోంది.