థానోస్‌ను గెలిచాడు, క్యాన్సర్‌ను గెలవలేకపోయాడు

2018లో 'అవెంజర్స్: ఇన్ఫినిటీ వార్' తెలుగులో వచ్చినప్పుడు థానోస్‌కు రానా దగ్గుబాటి డబ్బింగ్ చెప్పారు. ఆ ఊదారంగు రాక్షసుడు ఇప్పుడు మన ఇళ్లలో పిల్లలందరికీ తెలుసు. కామిక్స్ పుటల్లో 1974లోనే వాణ్ని ఓడించిన వీరుడి పేరు చెబితే మాత్రం పెద్దవాళ్లు కూడా ఆలోచనలో పడతారు. ఆయన పేరు మార్-వెల్. బిరుదు కెప్టెన్ మార్వెల్.

ఈ వీరుడికంటే ముందు పుట్టింది ఆ బిరుదు. 1940 తొలినాళ్లలో ఫాసెట్ అనే అమెరికన్ ప్రచురణ సంస్థ, 'షజామ్' అనగానే మెరుపు పడి మహావీరుడైపోయే ఒక కుర్రాడి కథలు మొదలుపెట్టింది. ఆ వీరుడే మొదటి కెప్టెన్ మార్వెల్. వాటి అమ్మకాలు సూపర్‌మ్యాన్‌తో పోటీపడ్డాయి. తమ సూపర్‌మ్యాన్‌నే కాపీ కొట్టారంటూ నేడు డీసీగా పిలిచే సంస్థ దావా వేసింది. ఏళ్లు నడిచిన ఆ వ్యాజ్యం 1953లో రాజీతో ముగిసింది. ఫాసెట్ ఆ కథలను ఆపేసింది. పేరు అనాథగా మిగిలింది. 1966లో ఇంకో చిన్న కంపెనీ దాన్ని అందుకుని, 'స్ప్లిట్' అని అరిస్తే కాళ్లూ చేతులూ విడిపోయి ఎగిరే ఒక విచిత్ర పాత్రకు తగిలించింది. తమ సంస్థ పేరు మరొకరి అట్టల మీద కనిపించడం మార్వెల్ వాళ్లకు మింగుడుపడలేదు. 1967 డిసెంబరు తేదీతో వచ్చిన 'మార్వెల్ సూపర్-హీరోస్' 12వ సంచికలో స్టాన్ లీ రచనతో, జీన్ కోలన్ బొమ్మలతో సొంత కెప్టెన్ మార్వెల్‌ను దించారు. అందుకే 1973లో డీసీ పాత కుర్రాణ్ని మళ్లీ తెచ్చినప్పుడు పత్రికకు 'షజామ్!' అని పేరు పెట్టుకోక తప్పలేదు.

అలా ట్రేడ్‌మార్కు కోసం పుట్టిన పాత్రకు తొలి రోజుల్లో చెప్పుకోదగ్గ కథ లేదు. క్రీ అనే గ్రహాంతర జాతి సైనికాధికారి భూమి మీదికి గూఢచారిగా వచ్చి, మనుషుల పక్షాన నిలుస్తాడు. 1969లో రాయ్ థామస్, గిల్ కేన్ అతనికి ఎరుపు-నీలం దుస్తులు, నెగా-బ్యాండ్లనే కంకణాలు తొడిగారు. వాటిని ఒకదానికొకటి కొడితే అతనూ రిక్ జోన్స్ అనే యువకుడూ ఒకరి చోటులోకి ఒకరు వస్తారు. ఒకరు భూమ్మీద ఉన్నంతసేపూ రెండోవారు నెగటివ్ జోన్ శూన్యంలో వేలాడుతుంటారు. ఊహ బాగుంది, అయినా పత్రిక మధ్యలో ఆగిపోయి మళ్లీ మొదలైంది.

దానికి ప్రాణం పోసినవాడు జిమ్ స్టార్లిన్. అమెరికా నౌకాదళంలో పనిచేసి వచ్చిన ఈ డెట్రాయిట్ యువకుడు 1973లో 25వ సంచికతో అడుగుపెట్టాడు. అప్పటికి కొద్ది వారాల ముందే 'ఐరన్ మ్యాన్' 55వ సంచికలో థానోస్‌ను సృష్టించాడు. 29వ సంచికలో ఇయాన్ అనే విశ్వశక్తి మార్-వెల్‌కు సమస్త విశ్వంతో ముడిపడిన ఎరుకను ప్రసాదిస్తుంది. అంతకుముందు అతను తనలోని హింసతోనే తలపడాల్సి వస్తుంది. యుద్ధమే వృత్తిగా బతికిన సైనికుడు ఆయుధం మీద మోజు వదులుకున్నాకే విశ్వరక్షకుడవుతాడు. వియత్నాం యుద్ధం అమెరికాను నలిపేసిన ఆ రోజుల్లో, సైన్యం నుంచి వచ్చిన రచయిత ఈ మాట రాయడం నాకు చాలా విలువైనదిగా తోస్తుంది. ఆ ఎరుక మేలుకున్నప్పుడు మార్-వెల్ ముఖం నిండా నక్షత్రాలు పరుచుకుంటాయి.

33వ సంచికలో కాస్మిక్ క్యూబ్ అనే మహిమగల వస్తువు శక్తిని తనలోకి లాక్కుని దేవుడినయ్యానని విర్రవీగుతున్న థానోస్, ఇక పనిలేదని ఆ క్యూబ్‌ను విసిరేస్తాడు. మూలం ఇంకా అందులోనే ఉందని మార్-వెల్ ఒక్కడే గ్రహించి దాన్ని బద్దలు కొడతాడు.

ఆ వెంటనే వచ్చిన 34వ సంచికలో నైట్రో అనే దుష్టుడితో పోరాడుతూ, లీకవుతున్న విషవాయువు డబ్బాను చేతులతో మూసి అక్కడివాళ్లను కాపాడతాడు. చిన్న సంఘటన. ఆ సంచికతోనే స్టార్లిన్ పత్రిక నుంచి తప్పుకున్నాడు.

1982లో మార్వెల్ తన గ్రాఫిక్ నవలల వరుసకు తొలి పుస్తకంగా 'ది డెత్ ఆఫ్ కెప్టెన్ మార్వెల్'ను వేసింది. రాసిందీ గీసిందీ స్టార్లినే. ఆయన తండ్రి అప్పటికి కొంతకాలం కిందటే క్యాన్సర్‌తో కన్నుమూశారు. ఆనాటి విషవాయువు వల్ల మార్-వెల్‌కూ క్యాన్సర్ వచ్చిందని కథ. రిక్ జోన్స్ తోటి వీరుల దగ్గరికి వెళ్లి నిలదీస్తాడు. ఇంత విజ్ఞానం చేతిలో ఉంచుకుని ఈ జబ్బుకు మందు ఎందుకు వెతకలేదని అతని కోపం. భూమ్మీది మేధావులంతా ప్రయోగశాలల్లో కూర్చుంటారు. ఇన్నాళ్లూ వ్యాధిని అదుపులో ఉంచిన కంకణాలే చికిత్సకు అడ్డుపడతాయి. శనిగ్రహపు ఉపగ్రహం టైటాన్‌లో, మంచం చుట్టూ మిత్రులంతా చేరుతారు. స్పైడర్‌మ్యాన్ తట్టుకోలేక గదిలోంచి బయటికి వెళ్లిపోతాడు. తరతరాలుగా క్రీ జాతికి బద్ధశత్రువులైన స్క్రల్‌ల తరఫున ఒక సేనాని వచ్చి శౌర్యపతకం అందిస్తాడు. క్యాన్సర్ వార్డు ముందు బెంచీ మీద కూర్చున్నవాళ్లెవరికైనా ఆ గది తెలిసినదే. ఏం మాట్లాడాలో తోచక నిలబడే ఆ మహాబలులను ఎవరూ మర్చిపోలేరు.

పేరు మాత్రం ఖాళీగా ఉండలేదు. అదే 1982లో మోనికా రాంబోకు, 2012లో క్యారల్ డాన్వర్స్‌కు దక్కింది. 2019 సినిమా మార్-వెల్‌ను స్త్రీ శాస్త్రవేత్తగా మలచి, ఆ పాత్రను తుపాకీ దెబ్బతో ముగించింది. స్త్రీగా మార్చడం నాకు అభ్యంతరం కాదు, ఆ మరణాన్ని వదిలేయడమే లోటు. కామిక్స్‌లో 2007లో మార్-వెల్ తిరిగొచ్చాడని పాఠకులు సంబరపడితే, అది వేషం మార్చుకున్న స్క్రల్ అని తేలింది. ఆసక్తి ఉన్నవాళ్లు 25 నుంచి 34 వరకు సంచికలు ముందు చదివి, ఆ తర్వాతే 1982 పుస్తకం తెరవండి. ఆ డబ్బా సంఘటన తెలియకుండా చదివితే సగం బాధ తప్పిపోతుంది.