పేర్లు నాలుగు, ప్రాణి ఒకటే

మన సంఘం ప్రత్యేక సంచికకు చరిత్ర వ్యాసం ఒకటి రాసి ఇవ్వమని కార్యదర్శి గారు కోరినప్పుడు కాకతీయుల నాటి చెరువులను గురించి రాద్దామనుకున్నాను. మహబూబాబాద్ జిల్లా బయ్యారంలో గణపతిదేవుని సోదరి మైలమ తవ్వించిన చెరువు, భూపాలపల్లి జిల్లా గణపురంలోని గణపసముద్రం మన సభ్యులలో చాలామంది ఉద్యోగరీత్యా చూసినవే. మనం పనిచేసిన రోజుల్లో గణపురం వరంగల్ జిల్లా, బయ్యారం ఖమ్మం జిల్లా. 2016 అక్టోబరు 11 నుండి జనగామ, మహబూబాబాద్, భూపాలపల్లి వేర్వేరు జిల్లాలైనవి. పేర్లు మారినా చెరువులు అవే.

చెరువుల కోసం కాగితాలు ముందు వేసుకున్నవాడిని ఒక చిన్న పురుగు పేరు పట్టుకుని ఎక్కడికో వెళ్ళిపోయాను. దానికి కారణం మా మనవరాలు.

జనగామలో మా ఇంటికి దగ్గరలో మత్స్య సహకార సంఘం సభ్యుడొకరు ఉన్నారు. ఒకనాడు ఆయన చెరువులో వదలడానికి రొయ్య పిల్లలు వచ్చాయంటే మనవరాలితో కలిసి చూడడానికి వెళ్ళాను. గాలి నింపి బిగించిన ప్లాస్టిక్ సంచులలో, నీళ్ళలో వెంట్రుక ముక్కల వంటివి కదులుతున్నాయి. ఇంటర్మీడియట్ బైపీసీ చదువుతున్న మా అమ్మాయి "ఇవి ఇంకా డింభకాలేనా తాతా, జోయియా దశ దాటినవా?" అని అడిగింది. నాకు ఒక్క ముక్క అర్థం కాలేదు. ఆ మత్స్యకారుడు నవ్వి, "అవన్నీ మాకు తెల్వదు బిడ్డా, మేము సీడు అంటం" అన్నాడు.

ఒకే సంచిలో ఉన్న ప్రాణికి పుస్తకంలో ఒక పేరు, చెరువు గట్టున మరొక పేరు. ముప్పై ఆరేళ్ళు గుమస్తాగా పనిచేసినవాడికి పేర్లు కలవకపోతే నిద్ర పట్టదు. అందుకని విచారణ మొదలుపెట్టాను.

ముందు మాటల అర్థం చెబుతాను. గుడ్డు నుండి బయటపడి, ఇంకా తల్లి రూపం రాని పిల్లను ఇంగ్లీషులో లార్వా అంటారు. అది లాటిన్ మాట. దయ్యమనీ, ముఖానికి తగిలించుకునే ముసుగు అనీ దాని అర్థం. అసలు రూపం లోపల దాగి ఉంది కనుక పురుగు పిల్లలకు లినేయస్ ఆ పేరు వాడాడు. మన పాఠ్యపుస్తకాలు రాసిన పెద్దలు దీనికి డింభకం అన్నారు. సంస్కృతంలో డింభ అంటే పసిబిడ్డ. అక్కడివారు ముసుగును చూశారు, మనవారు బిడ్డను చూశారు. ఈ తేడాను పాఠకులు గుర్తుంచుకోవాలి, చివర అవసరం పడుతుంది.

రొయ్యలు, పీతలు, నీటి ఈగల వంటి పెంకు జీవులలో ఈ పిల్లలకు ఒక్కొక్క దశలో ఒక్కొక్క పేరున్నది. మొదటిది నాప్లియస్. గ్రీకు పురాణాలలో సముద్రదేవుడైన పోసైడాన్ కొడుకు పేరు అది. పసిపిల్లకు అంత పెద్ద పేరు ఎందుకు పెట్టారంటే, అది పసిపిల్ల అని పెట్టినవాడికి తెలియదు. డెన్మార్కుకు చెందిన ఆటో ఫ్రెడరిక్ ముల్లర్ సూక్ష్మదర్శినిలో మంచినీటి ప్రాణులను చూసి వర్ణించాడు. మూడు జతల కాళ్ళు, నడినెత్తిన ఒకే కన్ను ఉన్న ఒక చిన్న జీవిని 1785లో వెలువడిన ఆయన గ్రంథంలో ప్రత్యేక ప్రాణిగా నాప్లియస్ అనే పేరుతో చేర్చారు. నిజానికి అది సైక్లాప్స్ అనే నీటి ఈగ పిల్ల. తల్లికి ఒక పద్దు, బిడ్డకు వేరొక పద్దు పడ్డాయన్నమాట. సైక్లాప్స్ గుడ్ల నుండి వచ్చే పిల్లలు తల్లిని పోలి ఉండవని అంతకు సుమారు తొంభై ఏళ్ళ ముందే హాలండులో లీవెన్‌హుక్ గమనించాడు. అయినా రికార్డులో తప్పు పడనే పడింది. జెనీవాకు చెందిన జూరీన్ పిల్లలను పెంచి చూసి రాసిన పుస్తకం 1820లో వచ్చిన తరువాత గానీ ఆ పద్దు సరికాలేదు.

ఈ సైక్లాప్స్ మన తరానికి కొత్తది కాదు. దిగుడుబావి నీళ్ళు వడకట్టకుండా తాగితే కాలిలోంచి దారం వంటి పురుగు బయటికి వచ్చే నారికురుపును మన వయసు వారు విని ఉంటారు. ఆ పురుగు పిల్లలు పెరిగేది సైక్లాప్స్ కడుపులోనే. ఈ సంగతిని 1870 ప్రాంతంలో ఫెద్చెంకో అనే రష్యను శాస్త్రజ్ఞుడు తుర్కిస్తానులో కనిపెట్టాడు. మందు లేని ఆ జబ్బును నీళ్ళు వడకట్టించి, బావుల మెట్లు మూయించి మన దేశంలో అంతం చేశారు. చివరి కేసు 1996లో రాజస్థానులో నమోదైంది. 2000 సంవత్సరంలో ప్రపంచ ఆరోగ్య సంస్థ మన దేశానికి నారికురుపు లేదని ధ్రువపత్రం ఇచ్చింది.

రెండవ పేరు జోయియా. గ్రీకులో ప్రాణం అనే అర్థమున్న మాట నుండి వచ్చింది. ఫ్రెంచి శాస్త్రజ్ఞుడు బోస్క్ 1802లో సముద్రంలో దొరికిన, వీపున పొడుగాటి ముల్లు ఉన్న చిన్న ప్రాణికి ఆ పేరు పెట్టి, అదీ ఒక ప్రత్యేక జాతి అని రాశాడు. తరువాత ఇంగ్లండులో లీచ్ అనే ఆయన పెద్ద కళ్ళున్న మరో ప్రాణికి మెగలోపా అని పేరు పెట్టాడు. పెద్ద కళ్ళది అనే ఆ మాటకు అర్థం. ఇది మూడవ పద్దు. జోయియా, మెగలోపా, పీత మూడు వేర్వేరు ప్రాణులుగా పుస్తకాలకెక్కాయి.

ఈ తప్పు పట్టుకున్నది జాన్ వాగన్ థాంప్సన్. ఆయన విశ్వవిద్యాలయ పండితుడు కాడు. సైన్యంలో వైద్యుడుగా ఐర్లండులోని కార్క్ పట్టణంలో ఉద్యోగం చేసినవాడు, అనగా మనవలె ప్రభుత్వోద్యోగి. తీరిక వేళల్లో ఓడరేవు నీళ్ళు వడకట్టి, దొరికిన జోయియాలను సీసాలలో ఉంచి, అవి కుబుసం విడిచే వరకు కనిపెట్టి చూశాడు. పీత గుడ్లను పొదిగించి చూస్తే వాటి నుండి జోయియాలు వచ్చాయి. జోయియా అనేది వేరే జాతి కాదు, పీత బిడ్డ అని 1828లో ప్రకటించాడు.

పండితులు వెంటనే ఒప్పుకోలేదు. వెస్ట్‌వుడ్ అనే పేరున్న శాస్త్రజ్ఞుడు 1835లో దీనిని ఖండించాడు. వెస్టిండీస్ నేల పీత పిల్లలను పరీక్షిస్తే అవి గుడ్డులోంచే పీత రూపంతో వస్తున్నాయని చూపించాడు. ఆయన చూసినది అబద్ధం కాదు. థాంప్సన్ చూసినదీ నిజమే. కొన్ని పీతలకు జోయియా దశ బయట గడుస్తుంది, కొన్నింటికి గుడ్డులోనే గడిచిపోతుంది. తాను చూసిన ఒక్క పీతను బట్టి పీతలన్నీ అంతే అనడం వెస్ట్‌వుడ్ చేసిన పొరపాటు. థాంప్సన్ ఆస్ట్రేలియాలో ఉద్యోగానికి వెళ్ళి, 1847లో సిడ్నీలో చనిపోయాడు. ఆయన మాటే నిలిచింది.

ఇది చదివినప్పుడు నాకు మా ఊరి పొలం గట్లు గుర్తుకొచ్చాయి. వానాకాలంలో మేము ఎండ్రికాయలు పట్టేవాళ్ళం. ఆడ ఎండ్రికాయను వెల్లకిలా తిప్పి పొట్ట కింది తలుపు వంటి పెంకు తెరిస్తే, లోపల పప్పుబద్దలంత పిల్లలు కుప్పగా కదిలేవి. మా అమ్మ కోప్పడి, దానిని తిరిగి బొరియ దగ్గర వదిలిపెట్టమనేది. ఆ పిల్లలు అప్పటికే అచ్చం ఎండ్రికాయలు. మంచినీటి ఎండ్రికాయకు బయట తిరిగే జోయియా దశ లేదు. మన వైపు భాషలో ఆ పసిరూపానికి వేరే మాట లేకపోవడానికి ఇదే కారణమని నాకు తోస్తుంది. కంటికి కనిపించని దానికి పల్లెలో పేరెవరు పెడతారు?

రొయ్య కథ ఇంకా పెద్దది. జర్మనీ నుండి బ్రెజిల్ వెళ్ళి స్థిరపడిన ఫ్రిట్జ్ ముల్లర్ ఒక సముద్రపు రొయ్య జాతి నాప్లియస్‌గా మొదలై, జోయియా అయి, మైసిస్ అనే మరో చిన్న ప్రాణిని పోలిన రూపం దాల్చి, ఆ తరువాతనే రొయ్య అవుతుందని గుర్తించి 1864లో పుస్తకం రాశాడు. పేర్లు నాలుగు, ప్రాణి ఒకటే. మన కోస్తా జిల్లాల హేచరీలలో ఈ మాటలే నేడు రోజువారీ మాటలు. గ్రీకు పురాణపురుషుడు అక్కడ నాప్లీలు అయ్యాడు. నాప్లీలు ఏమీ తినవు, గుడ్డు సొన మీదనే బతుకుతాయి. జోయియా దశలో సూక్ష్మమైన నాచు తింటాయి. మైసిస్ దాటిన పిల్లను పి.ఎల్. అంటారు. పి.ఎల్. 12 అంటే ఆ దశకు వచ్చి పన్నెండు రోజులైన పిల్ల అని లెక్క. ఏ దశలో ఉన్నదో తెలియకపోతే ఏ మేత వేయాలో తెలియదు, పిల్లలు చచ్చిపోతాయి. కనుక ఈ పేర్లు పండితుల ముచ్చట మాత్రమే కాదు, రైతు పెట్టుబడి వాటి మీదనే ఆధారపడి ఉంది.

జనగామ సంచిలో వచ్చినవి సముద్రపు రొయ్యలు కావు, నీలకంఠ రొయ్య పిల్లలు. ఇవి మంచినీటిలో పెరుగుతాయి, కానీ వీటి జోయియాలు కొంచెం ఉప్పు కలిసిన నీళ్ళు లేకపోతే బతకవు. మలేసియాలోని పెనాంగ్‌లో లింగ్ అనే శాస్త్రజ్ఞుడు 1960 దశకం మొదట్లో ఈ రహస్యం తెలుసుకున్న తరువాతనే వీటిని హేచరీలలో పుట్టించడం సాధ్యమైంది. గోదావరి మన భూపాలపల్లి జిల్లాలో కాళేశ్వరం దగ్గర పారుతుంది గాని, అక్కడికి సముద్రం చాలా దూరం. అందుచేత మన చెరువులలో నీలకంఠ రొయ్య పెరుగుతుంది, పుట్టదు. ప్రభుత్వం 2016లో ఉచిత చేపపిల్లల పంపిణీ, ఆ తరువాత రొయ్య పిల్లల పంపిణీ మొదలుపెట్టినప్పుడు పిల్లలను కోస్తా హేచరీల నుండి తేవలసి వచ్చింది అందుకే. మా మనవరాలి ప్రశ్నకు జవాబు కూడా దొరికింది. సంచిలోనివి జోయియా దశ దాటి, మంచినీటికి అలవాటు చేసిన పిల్లలు. చెరువు గట్టున సీడు అన్న మాట కూడా సరైనదే. ఏటా తెచ్చి చల్లవలసినదే కదా.

ఈ చరిత్రంతా చదువుతుంటే నా మనసులో ఒక పాత ఫైలు మెదిలింది. అది చెప్పకుండా ఈ వ్యాసం ముగించలేను.

1987లో నేను ఒక కార్యాలయంలో పింఛను సీటు చూసేవాడిని. సర్వీసులో ఉండగానే చనిపోయిన అటెండరు భార్య కుటుంబ పింఛను కోసం దరఖాస్తు పెట్టింది. సర్వీసు రిజిస్టరులో ఆమె పేరు లచ్చమ్మ. రేషను కార్డులో లక్ష్మి. ఓటర్ల జాబితాలో మల్లమ్మ. నేను నోట్ ఫైలులో "ముగ్గురూ వేర్వేరు వ్యక్తులుగా కనిపించుచున్నందున అర్హత నిర్ణయించుట సాధ్యము కాదు" అని రాసి పైకి పంపాను. ఆ వాక్యం రాసినప్పుడు మంచి గుమస్తాననే అనుకున్నాను. ఆమె చిన్నపిల్లవాడిని చంకన వేసుకుని ఎన్నోసార్లు తిరిగింది. ఒకనాడు నా బల్ల ముందు నిలబడి, "నేనొక్కదాన్నే సారూ. పుట్టింట్ల మల్లమ్మ, అత్తగారింట్ల లచ్చమ్మ అన్నరు. కార్డు రాసినాయన లక్ష్మి అని రాసిండు. ముగ్గురెక్కడుంటరు?" అన్నది. నేను సర్టిఫికెట్ తెమ్మన్నాను.

చివరికి కొత్తగా వచ్చిన సూపరింటెండెంట్ గారు ఫైలు చూసి, "కాగితాలు చూసింది చాలు, ఊరికి పంపి అడిగించండి" అన్నారు. గిర్దావరు ఊరికి వెళ్ళి పెద్దల ముందు పంచనామా చేశారు. అరపూట పని. పింఛను మంజూరు అయ్యేసరికి ఆమె భర్త పోయి పద్నాలుగు నెలలైంది. బకాయి అందుకున్న రోజున ఆమె నాకు దండం పెట్టి వెళ్ళింది. ఆ దండం నాకు నేటికీ బరువుగానే ఉన్నది. ఇక్కడ పేర్లు మార్చి రాశాను, కానీ ఆ నోటు రాసిన చేయి నాదే.

ఆటో ముల్లర్ చేసిన తప్పు, నేను చేసిన తప్పు ఒకటే అని ఇప్పుడు తెలుస్తున్నది. కాగితం మీద ఉన్న రూపాన్ని చూశాం, ఆ రూపం ఎక్కడ నుండి వచ్చిందో కనుక్కోలేదు. నేను ముసుగును చూశాను, లోపలి మనిషిని చూడలేదు. సీసా ముందు కూర్చుని కనిపెట్టి చూసిన ఆ సైనిక వైద్యుడి ఓపిక నాకు ఆనాడు ఉండి ఉంటే ఒక తల్లికి పద్నాలుగు నెలల తిప్పలు తప్పేవి.

కనుక సభ్యులకు నా మనవి ఒకటి. పింఛను పత్రంలో, ఆధార్ కార్డులో, బ్యాంకు పుస్తకంలో మీ శ్రీమతి పేరు, పుట్టిన తేదీ ఒకే విధంగా ఉన్నాయో లేదో ఈ వారంలోనే చూసుకోండి. తేడా ఉంటే మీరు ఉండగానే సరిచేయించండి. మనం పోయిన తరువాత ఆ భారం ఆమె మీద పడుతుంది. నేను మా ఇంటి కాగితాలు మొన్ననే తీసి చూశాను. మా ఆవిడ పేరు రెండు రకాలుగా ఉన్నది. దరఖాస్తు ఇచ్చి వచ్చాను.