చెక్కు దావా, పది రోజుల గడువు: ప్రతివాదికి నోరిచ్చిన తీర్పులు



చిక్‌పేటలోనో అవెన్యూ రోడ్డులోనో వ్యాపారం చేసే మనవాళ్లలో, సరుకు తీసుకుని హామీగా చెక్కో ప్రోనోటో ఇవ్వనివాళ్లు అరుదు. సమ్మరీ దావా పడేది ఆ కాగితం మీదే. మామూలు దావాలో ప్రతివాది నేరుగా జవాబు దాఖలు చేస్తాడు. ఇందులో అలా కుదరదు. ముందు "నన్ను వాదించుకోనివ్వండి" అని అఫిడవిట్‌తో అనుమతి అడగాలి. అది దొరక్కపోతే విచారణ లేకుండానే డిక్రీ.

ఇది ఇంగ్లండులో 1855లో పుట్టిన పద్ధతి. హుండీ బాకీలు తీర్చకుండా కోర్టుల్లో ఏళ్లు గడిపేవాళ్లకు కళ్లెం అన్నమాట. 1866లో మన దేశానికి వచ్చింది, 1908 సివిల్ ప్రొసీజర్ కోడ్‌లో 37వ ఆర్డర్ అయింది. చాలాకాలం ముఖ్యంగా కలకత్తా, మద్రాసు, బొంబాయి హైకోర్టులదే ఈ అధికారం. 1976 సవరణ దాన్ని సిటీ సివిల్ కోర్టులకూ, మిగతా కోర్టులకూ ఇచ్చింది. బెంగళూరు సిటీ సివిల్ కోర్టు చట్టం 1979లో వచ్చింది కాబట్టి మన కోర్టుకు ఇది పుట్టుకతో వచ్చిన అధికారమే.

అందరూ తెలుసుకోవలసిన కేసు 1958 నాటిది: సంతోష్ కుమార్, భాయీ మూల్ సింగ్‌ల వ్యాజ్యం. 60,000 రూపాయల చెక్కు చెల్లలేదు, దావా పడింది. ఆ చెక్కు సరుకుకు హామీగా ఇచ్చిందేననీ, ధర నగదుగానూ వేరే చెక్కులతోనూ చెల్లించేశామనీ ప్రతివాదులు అన్నారు. విచారించాల్సిన అంశం ఉందని కింది కోర్టు ఒప్పుకుంది. కానీ కాగితాలు చూపలేదు కనుక పూర్తి మొత్తానికి సెక్యూరిటీ పెడితేనే అనుమతి అంది. సుప్రీంకోర్టు ఆ షరతు కొట్టేసింది. సాక్ష్యం చూపించే ఘట్టం అనుమతి వచ్చాకే కదా! వాదించే హక్కుకు ముందే 60,000 కట్టమంటే, ఆ రోజుల్లో ఎంతమంది కట్టగలరు?

అప్పిచ్చినవాడి బాధ కూడా అబద్ధం కాదు. మనలో ఆ వైపు నిలబడ్డవాళ్లే ఎక్కువేమో. 2016లో హబ్‌టౌన్ కేసులో సుప్రీంకోర్టు తక్కెడ కొంచెం అటు వంచింది: వాదనలో నిజాయితీ మీద అనుమానం ఉంటే డబ్బు కట్టమనో, సెక్యూరిటీ పెట్టమనో షరతు పెట్టవచ్చు. ఇక బాకీలో కొంత ఒప్పుకుంటే, ఆ మేరకు కోర్టులో జమ చేయనిదే అనుమతి రాదు. 2022లో బి.ఎల్. కశ్యప్ కేసులో మళ్లీ ఇటు చూసింది: అనుమతి ఇవ్వడమే మామూలు, నిరాకరించడం అరుదుగా జరగాలి.

2018 నుంచి 3 లక్షల రూపాయల వ్యాపార వివాదం కూడా కమర్షియల్ కోర్టుకు వెళ్తుంది, అంతకుముందు కోటి. అంటే చిన్న దుకాణదారుడికీ ఈ సమన్లు రావచ్చు. అందిన 10 రోజుల్లో హాజరు నమోదు చేయాలి. తర్వాత వాది తీర్పు కోసం ఇంకో సమన్లు పంపుతాడు. అవి అందిన 10 రోజుల్లో అనుమతి అడగాలి. మొదటి పది రోజులు దాటిపోతే వాది చెప్పిందంతా ఒప్పుకున్నట్టే లెక్క. ఆలస్యానికి తగిన కారణం చూపితే కోర్టు మన్నించవచ్చు, కానీ ఆ కారణం చూపే భారం మనదే.