రైలు వంతెనను లారీ ఢీకొంటే రైళ్లు ఎందుకు ఆగుతాయి?

జంషెడ్‌పూర్: రైలు మార్గం కింది నుంచి వెళ్లే రోడ్డుపై ఎత్తయిన వాహనం వంతెనను ఢీకొంటే, పైన రైళ్ల రాకపోకలను నిలిపివేయాల్సి వస్తుంది. దెబ్బ స్వల్పంగా కనిపించినా ఇదే పద్ధతి. వంతెనకు, పట్టాలకు నష్టం జరగలేదని ఇంజినీర్లు నిర్ధారించే వరకు ఆ మార్గాన్ని సురక్షితమని భావించరు. కాబట్టి ఒక్క లారీ తప్పిదానికి వందల కిలోమీటర్ల దూరంలోని ప్రయాణికులు కూడా నిరీక్షించక తప్పదు.

జంషెడ్‌పూర్‌కు సంబంధం ఏమిటి?

ఈ నగరం ఉక్కుకు, లారీల తయారీకి ప్రసిద్ధి. ఇప్పటి టాటా మోటార్స్ 1954లో ఇక్కడే లారీల ఉత్పత్తి ప్రారంభించింది. ఉక్కు కర్మాగారం, ఖర్కాయీ నది అవతలి ఆదిత్యపూర్ పారిశ్రామికవాడల వల్ల భారీ ట్రెయిలర్ల రాకపోకలు నిత్యం సాగుతాయి. హావ్‌డా–ముంబయి ప్రధాన రైలు మార్గం కూడా ఈ నగరం మీదుగానే వెళ్తుంది. ఇక్కడి టాటానగర్ స్టేషన్ ఆగ్నేయ రైల్వేలోని చక్రధర్‌పూర్ డివిజన్ పరిధిలో ఉంది. జుగ్సలాయి, బర్మామైన్స్, బాగ్బేడా వంటి జనావాసాలు స్టేషన్ చుట్టూ విస్తరించాయి. భారీ వాహనాలు, రద్దీ రైలు మార్గం ఒకేచోట కలిసే ఇలాంటి నగరాల్లో వంతెన ఎత్తు ప్రజా భద్రతకు సంబంధించిన అంశం.

అనకాపల్లి అనుభవం

టాటానగర్ నుంచి బయలుదేరే ఎర్నాకుళం ఎక్స్‌ప్రెస్ ఆంధ్రప్రదేశ్‌లో అనకాపల్లి మీదుగా ప్రయాణిస్తుంది. 2025 మార్చిలో ఆ మార్గంలోనే ఇలాంటి ప్రమాదం జరిగింది. అనకాపల్లి సమీపంలోని విజయరామరాజుపేట వద్ద రైల్వే అండర్ బ్రిడ్జికి రక్షణగా ఏర్పాటు చేసిన గడ్డర్‌ను క్వారీ రాళ్ల లారీ బలంగా ఢీకొంది. దాంతో పైన పట్టాలు పక్కకు జరిగాయి. ఆ సమయంలో వస్తున్న గూడ్సు రైలును నిలిపివేయడంతో పెను ప్రమాదం తప్పింది. విశాఖపట్నం–విజయవాడ మార్గంలో పలు రైళ్లు ఆగిపోయాయి.

వంతెనను కాపాడేందుకు పెట్టిన గడ్డర్‌కు తగిలిన దెబ్బ పట్టాల దాకా చేరడమే ఈ ఘటనలో గమనించాల్సిన విషయం. అడ్డుగా గడ్డర్ పెట్టడం ఒక్కటే సరిపోదు. దెబ్బ వంతెనకు చేరకుండా అది తగినంత ముందుగా, విడిగా నిలబడి ఉండాలి.

పట్టాలు ఎలా జరుగుతాయి?

పాత తరహా ఉక్కు గడ్డర్ వంతెనల్లో చాలావాటిపై కంకర ఉండదు. స్లీపర్లను నేరుగా గడ్డర్లపైనే బిగిస్తారు. అందువల్ల గడ్డర్ పక్కకు జరిగితే పట్టాలూ దానితోపాటే జరుగుతాయి. కంకర పరిచిన కాంక్రీటు వంతెనలు బరువైనవి కాబట్టి దెబ్బను మెరుగ్గా తట్టుకుంటాయి. అయినా బేరింగులు, అంచులు దెబ్బతినే అవకాశం ఉంటుంది. పగుళ్లు, వంపులు కింద నుంచి చూస్తే తెలియవు. అందుకే పైనా కిందా తనిఖీ తప్పనిసరి.

ఎత్తు లెక్క ఎక్కడ తప్పుతుంది?

సాధారణ వాహనాల గరిష్ఠ ఎత్తు మన దేశంలో చాలాకాలం 3.8 మీటర్లు. ఈ కొలతల నిబంధనలను కేంద్రం 2020లో సవరించింది. నిబంధన ఏదైనా, వంతెన వద్ద లెక్కలోకి వచ్చేది సరుకుతో కలిపిన ఎత్తు. ఖాళీ లారీ బాడీ స్ప్రింగులపై కొంత పైకి లేస్తుంది. నిండు బరువుతో దాటిన వంతెననే తిరుగు ప్రయాణంలో అది తాకవచ్చు. పాత పొరను తొలగించకుండా రోడ్డుపై కొత్త తారు వేస్తే వంతెన కింది ఖాళీ తగ్గిపోతుంది. బోర్డు మీది అంకె మాత్రం మారదు. రోడ్డు పల్లంలోకి దిగి మళ్లీ ఎక్కేచోట పొడవైన ట్రెయిలర్‌కు దొరికే ఎత్తు ఇంకా తక్కువ.

ఇతర దేశాల్లో

బ్రిటన్‌లో రైలు వంతెనలను వాహనాలు ఏటా 1,500కు పైగా సార్లు ఢీకొంటున్నాయి. అక్కడ 3 మీటర్లు మించిన సరుకు వాహనాల్లో, వాటి ఎత్తును డ్రైవరుకు కనిపించేలా క్యాబిన్‌లో రాసి ఉంచాలి. అమెరికాలోని డర్హమ్‌లో సుమారు 3.56 మీటర్ల ఎత్తున్న రైలు వంతెన వద్ద సెన్సర్లు, హెచ్చరిక బోర్డులు, ట్రాఫిక్ సిగ్నల్ ఏర్పాటు చేసినా ప్రమాదాలు ఆగలేదు. చివరకు 2019లో వంతెనను సుమారు 20 సెంటీమీటర్లు పైకి లేపారు. ఆ తర్వాత కూడా కొన్ని లారీలు దాన్ని తాకాయి.

చట్టం ఏం చెబుతోంది?

నిర్లక్ష్యంతో రైలు ప్రయాణికుల భద్రతకు ముప్పు తెస్తే రైల్వే చట్టం–1989లోని 154వ సెక్షన్ కింద ఏడాది వరకు జైలు, జరిమానా లేదా రెండూ విధించవచ్చు. అనుమతించిన ఎత్తును మించి సరుకు నింపితే మోటారు వాహనాల చట్టంలోని 194(1ఎ) సెక్షన్ ప్రకారం రూ.20,000 జరిమానాతోపాటు అదనపు సరుకును దించే ఖర్చు కూడా భరించాలి.

ఢీకొన్న వెంటనే ఏం చేయాలి?

వాహనాన్ని వెనక్కి లాగే ప్రయత్నం కంటే రైల్వేకు సమాచారం అందించడమే ముఖ్యం. సమీప స్టేషన్‌కు గానీ, రైల్వే సహాయ నంబరు 139కు గానీ, అత్యవసర నంబరు 112కు గానీ ఫోన్ చేసి వంతెన ఉన్న చోటును, అక్కడ కనిపించే వంతెన సంఖ్యను చెప్పాలి. సమాచారం అందగానే ఇరువైపులా రైళ్లను ఆపుతారు. ఇంజినీరింగ్ సిబ్బంది పరిశీలించాక మార్గాన్ని తెరుస్తారు. అవసరమైతే కొంతకాలం వేగంపై పరిమితి విధిస్తారు.

నివారణ మాత్రం అంతకంటే ముందే, రోడ్డుపైనే మొదలవ్వాలి. లారీ వెనుదిరిగేందుకు చోటున్న కూడలి వద్దే హెచ్చరిక ఉండాలి. తారు వేసిన ప్రతిసారీ ఎత్తును మళ్లీ కొలిచి బోర్డు మార్చాలి. సరుకు నింపాక వాహనం ఎత్తెంతో డ్రైవరుకు తెలిసి ఉండాలి.