మిరియం పేరు, మిరప మంట

మిరపకాయ లేని తెలుగువారి విస్తరిని ఊహించుకోవడం కష్టమే. అయినా నన్నయకూ తిక్కనకూ, చివరికి శ్రీనాథుడికీ ఈ కాయ మంట తెలియదు. వారి కాలంలో వంటకు ఘాటునిచ్చినవి మిరియాలు, పిప్పళ్ళు, శొంఠి. ఈ మూడింటినీ కలిపి ఆయుర్వేదం త్రికటుకమన్నది. షడ్రుచులలోని కటురసానికి ఇవే ప్రతినిధులు.

మిరప పుట్టిల్లు అమెరికా ఖండాలు. మెక్సికోలో వేల ఏళ్ళ క్రితమే దానిని సాగుచేశారు. మిరియాల దేశాన్ని వెదుక్కుంటూ 1492లో పడమటికి బయలుదేరిన కొలంబస్, కరీబియన్ దీవులలో మరో ఘాటైన కాయను చూశాడు. అది అక్కడివారి మిరియమని 1493 జనవరిలో తన దినచర్యలో వ్రాసుకున్నాడు. స్పానిష్ భాషలో మిరియం ‘పిమియెంత’ అయితే, కొత్తకాయ ‘పిమియెంతొ’ అయింది. 16వ శతాబ్దంలో పోర్చుగీసువారి ఓడలలో అది మన పడమటి తీరానికి చేరింది.

ఇక్కడ ఒక విశేషం చూడండి. కొలంబస్ ఊసే తెలియని మనవాళ్ళు కూడా అదే పని చేశారు. తెలుగులో మిరియం పక్కన మిరపకాయ వచ్చింది. తమిళంలో మిళగు నుండి మిళగాయ్, కన్నడంలో మెణసు నుండి మెణసినకాయి పుట్టాయి. మలయాళంలోనైతే కొత్తకాయ ‘ముళకు’ అన్న పేరునే సొంతం చేసుకోగా, అసలు మిరియం ‘కురుముళకు’గా మిగిలింది.

వృక్షశాస్త్రం దృష్టిలో ఇది పొరపాటే. మిరియం మలబారు అడవుల తీగ. మిరప వంగ, టమాటాల కుటుంబానిది. రెంటికీ చుట్టరికం లేదు. మరి ఇన్ని భాషలవారూ ఒకే విధంగా పొరబడ్డారా?

జవాబు రసాయనశాస్త్రంలో దొరుకుతుంది. మిరపలోని ఘాటు పదార్థానికి 1876లో థ్రెష్ అనే ఆంగ్లేయుడు క్యాప్సైసిన్ అని పేరు పెట్టాడు. అది నోటిని ఎలా మండిస్తుందో తేలడానికి మరో శతాబ్దం పైగా పట్టింది. 1997లో కాలిఫోర్నియాలో డేవిడ్ జూలియస్ బృందం నాడీకణాల మీద దాని గ్రాహకాన్ని గుర్తించింది. దాని పేరు టీఆర్‌పీవీ1. సుమారు 43 డిగ్రీల సెల్సియస్ దాటిన వేడిని పసిగట్టి మెదడుకు చెప్పడం దాని పని. క్యాప్సైసిన్ తగిలితే వేడి లేకుండానే అది తెరుచుకుంటుంది. నోరు కాలుతున్నదని మెదడు నమ్ముతుంది. చెమటలు, కన్నీళ్ళు అందుకే. ఈ పరిశోధనకు గాను జూలియస్ 2021లో వైద్యశాస్త్ర నోబెల్ బహుమతిని మరొకరితో పంచుకున్నాడు.

మిరియంలోని పైపెరిన్ కూడా, కొంత బలహీనంగానైనా, ఈ తలుపునే తడుతుంది! కనుక పేరు పెట్టినవారు పొరబడలేదు. వారు మొక్కను చూడలేదు, నాలుకను నమ్మారు. ‘నోరు మండింది’ అన్న మన మాట కూడా అలంకారం కాదు. నాడి మెదడుకు చెప్పే కబురు అక్షరాలా అదే.

ఇక ఉపశమనం. క్యాప్సైసిన్ నీటిలో సరిగా కరగదు, కొవ్వులో కరుగుతుంది. అందుచేత నీళ్ళు తాగితే చల్లదనం ఉన్నంతసేపే హాయి. ఆవకాయ అన్నంలో నెయ్యి కలుపుకోవడంలోని ఔచిత్యం ఇక్కడ తెలుస్తుంది. పాలదీ అదే కారణమని చాలాకాలం అనుకున్నారు. కానీ 2019లో ప్రచురితమైన ఒక అమెరికన్ పరిశోధనలో వెన్న తీసిన పాలు కూడా వెన్న ఉన్న పాలంత బాగానే మంటను తగ్గించాయి. కాబట్టి ఘనత కొవ్వు ఒక్కదానిదే కాదు. పాలలోని కేసీన్ అనే మాంసకృత్తు క్యాప్సైసిన్‌ను పట్టుకుంటుందని శాస్త్రజ్ఞుల భావన. పెరుగులోనూ, మజ్జిగలోనూ అదే కేసీన్ ఉంది. పంచదార కూడా కొంత ఊరటనిస్తుంది.

పెరుగన్నం మిరపకాయ కోసం పుట్టినది కాదు. అది అంతకంటే చాలా పాతది. మంట సముద్రాలు దాటి వచ్చేనాటికి, మందు మన ఉట్టి మీది కుండలో సిద్ధంగా ఉంది. పరదేశపు కాయ ఇంత తొందరగా మన ఇంటిది కావడానికి ఆ కుండ కూడా ఒక కారణమేమోనని నాకనిపిస్తుంది.